గాబు అంచున చెయ్యి

మూడో మకాం. సదస్సుకు పన్నెండు రోజులు. గాలి 18.9

ఈ పుస్తకం సదస్సు నిర్వాహకులు రాయాలట. నిర్వాహకులు ఎవరయ్యా అంటే నేనే. నిన్నటి దాకా నేను నాచు గాబులు చూసుకునే సువర్చలను, అంతే. పాత నిర్వాహకుడికి మోకాళ్ళు పట్టేశాయి. మకాం పెద్ద కోటిలింగం గారు నలుగురిలో నా వంక చూసి "నువ్వయితే బాగుంటుందమ్మా" అన్నారు. నలుగురూ చప్పట్లు కొట్టారు. ఇక తప్పించుకునే దారి లేకపోయింది.

రోజూ గాలి అంకె రాయాలని మొదటి పేజీలోనే ఉంది. అది నాకు కొత్తేం కాదు. బయటి గాలి పీల్చడానికి పనికిరాదు, మా మకాంలో పీల్చే గాలి మొత్తం నలభై గాజు గాబుల్లోని నాచు ఇచ్చేదే. వందకి ఇరవై ఒక్క పాళ్ళు ప్రాణవాయువు ఉండాలి. ఏడాది కిందట అంతే ఉండేది. ఇప్పుడు నాచు పసుపు తిరుగుతోంది, అంకె దిగుతోంది. పద్దెనిమిది తగిలిన రోజున మకాం మూసెయ్యాలని నియమం. నాలుగు వందల పన్నెండు మందిమి మిగిలిన ఆరు మకాంలకు తలా కొందరం సర్దుకోవాలి.

సామాను లెక్క చూశాను. శాలువాలు ఏడు, అన్నీ పాత సదస్సులవే. "కప్పి, ఫోటో అయిన తర్వాత మర్యాదగా వెనక్కి తీసుకోవలెను" అని పెట్టె మూత మీద రాసి ఉంది. జ్యోతి ప్రజ్వలనకు ప్రమిద ఉంది, వత్తి ఉండాల్సిన చోట చిన్న బల్బు ఉంది. మకాంలో నిప్పు నిషేధం మరి.

మా అక్క రాజ్యం వంటశాల చూస్తుంది. అతిథులు ఆరుగురని చెబితే, "ఆరుగురు వచ్చి ఆరు రకాలుగా ఊపిరి పీల్చుకుపోతారు, ఉన్న గాలి చాలక చస్తుంటే" అంది. ఆవిడ నోరే అంత. కానీ లెక్క వేసి చూస్తే ఆవిడ అన్నదాంట్లో తప్పేం లేదు.


సదస్సుకు ఎనిమిది రోజులు. గాలి 18.7

మకాంకీ మకాంకీ మధ్య దారి అంటే దుమ్ము ఎడారి. పాకుడుబండి అన్ని మకాంలూ చుట్టి రావడానికి పదకొండు రోజులు. నాలుగేళ్ళకోసారి, సదస్సు కోసం మాత్రమే అది కదులుతుంది. మిగతా కాలమంతా తీగ మీద కబుర్లే. తీగ ఇరుకు కాబట్టి ఎవరు ఏం రాసినా ముందు సారం చదువుతుంది. సారం అంటే యంత్రమే. ముఖ్యమైనది ఉంచి మిగతాది పిండేసి పంపుతుంది.

ఇంత చక్కగా కబుర్లు నడుస్తున్నప్పుడు సదస్సు ఎందుకని ఇప్పుడు అన్ని మకాంల వాళ్ళూ అడుగుతున్నారు. ఈసారి ఎజెండాలో మొదటి తీర్మానమే "ఇకపై సదస్సులు నిలిపివేయుట". అంటే వీళ్ళు పదకొండు రోజులు ప్రయాణం చేసి వచ్చి, ఇలా రావడం అనవసరమని చెప్పి వెళతారు. నేను వాళ్ళకు శాలువాలు కప్పాలి.

నాకేమీ అభ్యంతరం లేదు. ఎనిమిదో సదస్సు మా మకాంలోనే జరిగింది, నేను వెనక వరసలో కూర్చున్నాను. ఒక్క ముక్క గుర్తు లేదు, మధ్యాహ్నం వడ్డించిన పులిహోర తప్ప.

నాచు సంగతి ఆరు మకాంలకీ రాశాను. అయిదో మకాం నాచు సంరక్షకుడు అప్పలసూరి గారి జవాబు ఇవాళ వచ్చింది. "సున్నం: గాబుకు చారెడు, ప్రతిరోజూ. వెలుతురు: పది గంటలు. నాచు: ఆరోగ్యం." అంతే. పద్నాలుగేళ్ళుగా ఆయన ఇలాగే రాస్తాడు. చెక్కతో చేసిన మనిషేమో అనిపిస్తుంది. మేమూ చారెడే వేస్తున్నాం, గొట్టంలోంచి సరిగ్గా గాబు నడిమధ్యలోకి, ఒక్క రవ్వ తేడా లేకుండా. మేమూ పది గంటలే దీపాలు పెడుతున్నాం. విత్తనం కూడా ఒకటే. వాళ్ళది పచ్చగా ఉంది, మాది పసుపుగా ఉంది. ఏడుపొస్తోంది.


సదస్సుకు మూడు రోజులు. గాలి 18.5

ఒకవేళ మూసెయ్యాల్సి వస్తే ఎవరు ఎక్కడికి వెళ్ళాలో జాబితా అతికించారు. ఏ మకాంలో ఏ పనికి ఖాళీ ఉందో చూసి సారమే తయారు చేసింది.

అక్కకి మొదటి మకాం వంటశాల. నాకు ఆరో మకాం.

జాబితా ముందు అక్క చాలాసేపు నిలబడింది. నేను పక్కకి వెళ్ళి నిలబడ్డాను. "మొదటి మకాం వాళ్ళు ఉప్పు ఎక్కువ తింటారట" అంది. "అయితే ఎక్కువ వెయ్యి" అన్నాను. "నువ్వు చెప్పాలా నాకు" అని విసురుగా వెళ్ళిపోయింది.

పుట్టినప్పటి నుంచీ నేను ఆవిడ పక్క మంచం మీద పడుకుంటున్నాను. యాభై మూడేళ్ళు. ఆరోదానికీ మొదటిదానికీ మధ్య బండి నడిచేది సదస్సు కోసమే, ఆ సదస్సులేమో ఎత్తేస్తున్నారు. ఇక సారం ద్వారా రాసుకోవాలి. మా ఇద్దరి మాటల్లో తిట్లు తీసేస్తే సారానికి ఏం మిగులుతుందో నాకు తెలియదు. ఇవాళ మళ్ళీ నలభై గాబులూ ఒక్కొక్కటే చూశాను. ఏం చూడాలో తెలియకుండా చూశాను.


సదస్సు మొదటి రోజు. గాలి 18.4

బండి వచ్చింది. ఆరుగురూ దిగారు. అందరికంటే ముందు దిగినాయన పొట్టిగా, బొద్దుగా ఉన్నాడు. గాలి ముసుగు తియ్యకముందే మాట్లాడటం మొదలుపెట్టాడు.

"సువర్చల గారంటే మీరేనేటండి? నేనండి, అయిదో మకాం అప్పలసూరిని. పద్నాలుగేళ్ళ బట్టి రాసుకుంటన్నాం, మొకం ఇప్పుడు సూస్తన్నాను."

నా చెక్క మనిషి ఇతనా! "మీరు ముక్తసరిగా రాస్తారు కదండీ. ఇలా మాట్లాడతారనుకోలేదు" అన్నాను.

"ముక్తసరేటండి? పేజీలకి పేజీలు రాసీవోడిని. మీరే మూడు ముక్కలతో ఊరుకునీవోరు."

ఇద్దరం ఒకరినొకరు చూసుకున్నాం. నేనూ పేజీలు రాసేదాన్ని. అక్కతో గొడవలు, వంటశాలలో దోసతీగకి మొదటి పువ్వు పూయడం, అన్నీ రాసేదాన్ని.

కాఫీ తాగుతూ ఆయన కాస్త తగ్గి, "మాయమ్మ కాలం సేసినప్పుడు మీకు రాసినానండి. మాయమ్మే నాకు గాబుల పని నేర్పింది. మరి మీ దగ్గర్నించి ఒక్క మాటే వొచ్చింది" అన్నాడు.

"ఏమని వచ్చింది?"

"ఒగ్గీండి. ఎప్పుడో అయిపోనాది."

బలవంతం చేస్తే చెప్పాడు. "'సంతోషం' అని."

పాత కబుర్లు తీసి వెతికాను. రెండేళ్ళ కిందటిది. సారం నాకు ఇచ్చినది ఇది: "అయిదో మకాం: గాబుల సంరక్షకులలో ఒకరు తగ్గారు. పని సర్దుబాటు అయింది." దానికి నేను, సర్దుబాటు అయినందుకు సంతోషమనీ, కొత్తగా వచ్చినవారిని అడిగానని చెప్పమనీ రాశాను. అందులోంచి సారం ఒక్క మాట ఏరి పంపింది.

తల్లి పోయిందని రాసిన మనిషికి నేను సంతోషం అని జవాబిచ్చాను. అయినా ఆ తర్వాత రెండేళ్ళూ ఆయన నాకు రాస్తూనే ఉన్నాడు. నాకు ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ఆయన ముందు కాగితం పెట్టి చూపించాను. ఆయన రెండుసార్లు చదివాడు. "అయితే మీరు అనలేదన్నమాట" అన్నాడు. అని, కళ్ళు తుడుచుకుని, ఇంకో కాఫీ అడిగాడు.


సదస్సు రెండో రోజు. గాలి 18.3

ప్రమిదలో బల్బు వెలిగించారు. శాలువాలు కప్పాం, ఫోటో అయ్యాక తీసుకున్నాం. రెండో మకాం డాక్టర్ విశాలాక్షి గారు "సమయాభావం వల్ల రెండే రెండు మాటలు చెప్పి ముగిస్తాను" అన్నారు. యాభై నిమిషాలు. మూడుసార్లు గంట కొట్టాను. ప్రతిసారీ ఆవిడ నా వైపు తిరిగి చిరునవ్వుతో తల ఊపి కొనసాగించారు. సదస్సులు ఎందుకు అనవసరమో ఆవిడ సదస్సుకి వివరంగా చెప్పారు. కోటిలింగం గారు అధ్యక్షస్థానంలో కళ్ళు మూసుకుని ఆలోచించారు. గురక వినిపించింది.

మధ్యాహ్నం అప్పలసూరి గారిని గాబుల దగ్గరికి తీసుకెళ్ళాను. ఆయన బండి దిగినప్పటి నుంచీ నా ఆశంతా దీని మీదే. పదిహేడో గాబు దగ్గర ఆగి నీళ్ళు చూశాడు, వాసన చూశాడు, డబ్బాలోంచి సున్నం తీసి అరచేతిలో పోసుకుని చూశాడు. "అన్నీ మాలాగే ఉన్నాయండి. ఎందుకిలగుందో నాకు తెల్దు" అన్నాడు. ఆ తర్వాత వాళ్ళమ్మ గురించి, ఆవిడ పాటల గురించి అరగంట చెప్పాడు. నేను ఊకొట్టాను. ఈయనకి తెలియకపోతే ఇంకెవరికీ తెలియదు.

వంటశాలకి వెళ్ళి అక్కకి చెప్పాను. అక్క గరిటె కింద పెట్టి, "సరేలే, ముందు తిను" అంది. తిట్టలేదు. దాంతో నాకు ఇంకా భయం వేసింది.


సదస్సు మూడో రోజు. గాలి 18.2

పొద్దున్నే గాబులు చూడ్డానికి వెళ్ళాను. పదిహేడో గాబు గోడ మీద బుడగలు. నాచు ఊపిరి వదులుతుంటే వచ్చే సన్నటి బుడగలు, ఏడాదిగా చూడనివి. పదహారులో లేవు, పద్దెనిమిదిలో లేవు. ఒక్క పదిహేడులోనే ఉన్నాయి.

పరిగెత్తుకుంటూ వెళ్ళి అప్పలసూరి గారిని ఫలహారం బల్ల దగ్గర నుంచి లేపాను. "నిన్న పదిహేడులో ఏం చేశారు?"

"నేనేటీ సెయ్యలేదండి. ముట్టుకోనేదు కూడా."

"మరి మీ చేతిలో సున్నం ఏమయింది?"

ఆలోచించాడు. "ఏమో. గాబులో పోసీసుంటాను."

పోసేస్తే సరిపోతుందా? మేం రోజూ పోస్తూనే ఉన్నాం. ఆయన్ని ఇరవయ్యో గాబు దగ్గర నిలబెట్టి, చేతిలో సున్నం పోసి, నిన్నటిలాగే చెయ్యమన్నాను. ఆయన పరీక్షకి కూర్చున్న వాడిలా బిగుసుకుపోయి, చెయ్యి చాచి, సున్నం సరిగ్గా నడిమధ్యలో వేశాడు. మా గొట్టం చేసే పనే చేశాడు. అప్పుడు నాకో ఆలోచన వచ్చింది. ఇరవై ఒకటో గాబు దగ్గరికి తీసుకెళ్ళి, మళ్ళీ సున్నం చేతిలో పోసి, "మీ అమ్మగారు పాటలు పాడేవారన్నారు, ఏం పాటలు?" అన్నాను.

ఆయన ముఖం వెలిగింది. చెప్పడం మొదలుపెట్టాడు. చెబుతూ చెబుతూ సున్నం చేతిని నీళ్ళలో ముంచాడు. ఆ చేత్తో గాబు లోపలి గోడని, అంచు చుట్టూ, మెల్లగా రుద్దుకుంటూ పోయాడు, పసిపిల్ల వీపు నిమిరినట్టు. ఒక చుట్టు, రెండో చుట్టు. మాట ఆపలేదు. చేతి వంక చూడలేదు.

"అదిగో!" అని అరిచాను.

ఆయన అదిరిపడి చెయ్యి తీసేశాడు. "ఏటి? ఏటయిందండి?"

"ఆ గోడ రుద్దడం."

"ఎవులు? నేనా?"

నిజంగానే ఆయనకి తెలియదు. అరచెయ్యి తిప్పి చూసుకున్నాడు. వేళ్ళకి సన్నటి జిగురు అంటుకుంది, నీటిలో ఉంటే కంటికి కనపడనంత పల్చటిది. ఆ పొర గాజుకి పట్టి దీపం వెలుతురుని మింగేస్తోంది. సున్నం గోడకి తగిలితేనే అది వదులుతుంది. నిరుడు గొట్టం పెట్టినప్పటి నుంచీ మా సున్నం గోడకి తగల్లేదు. ఎంత జాగ్రత్తగా నడిమధ్యలో పోశామో!

"మాయమ్మ సేసీది" అన్నాడు. "ఏ గిన్ని ముట్టుకున్నా సుట్టూ తుడిసీది. అది గాబు పని అని నాకెప్పుడూ సెప్పనేదండి. నేను సేస్తన్నానని నాకే తెల్దు. ఇంక మీకేటి రాస్తాను?"

సారాన్ని తిట్టుకుంటూ ఉన్నానా, ఇందులో దాని తప్పు లేదు. ఆయన వంద పేజీలు రాసినా, ఒక్క అక్షరం పోకుండా చేరినా, ఈ సంగతి అందులో ఉండేది కాదు. పక్కన నిలబడి చూసేవాళ్ళు ఒకరు కావాలి. అదీ ఆ చేతిని రోజూ చూసే వాళ్ళయితే లాభం లేదు.

సభలో మొదటి తీర్మానం చర్చకు వచ్చేసరికి మధ్యాహ్నం అయింది. సదస్సులు ఉండాలా వద్దా. అప్పలసూరి గారు లేచి, జరిగింది చెప్పి, అరచెయ్యి అందరికీ చూపించి కూర్చున్నాడు. విశాలాక్షి గారు లేచి ఆయన చెయ్యి పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూశారు. మాట్లాడకుండా కూర్చున్నారు. ఆవిడ మాట్లాడకపోవడం ఈ మూడు రోజుల్లో అదే మొదటిసారి. కోటిలింగం గారు గొంతు సవరించుకుని, ఇంత ముఖ్యమైన విషయాన్ని తొందరపడి తేల్చరాదన్నారు. చివరికి రాసుకున్నది ఇది: "సదస్సులు అవసరమా కాదా అన్న అంశాన్ని వచ్చే సదస్సులో కూలంకషంగా చర్చించాలని ఏకగ్రీవంగా తీర్మానించడమైనది."

నేను రెండుసార్లు చదివి వినిపించాను. ఎవరూ నవ్వలేదు. అందరూ సంతకాలు చేశారు.


సదస్సు అయిన మర్నాడు. గాలి 18.1

ధూళి తుఫాను. బండి కదలదు. అతిథులు ఇక్కడే.

మిగిలిన గాబులన్నీ చేత్తోనే రుద్దాలి. జిగురు ఏడాదిది, ఒక్కసారికి వదలదు. రోజుకి మూడుసార్లు చెయ్యాలి. నా దగ్గర ఉన్నది ఇద్దరు పనివాళ్ళు. అప్పలసూరి గారు చొక్కా చేతులు మడిచాడు. ఆయన్ని చూసి మిగతావాళ్ళూ మడిచారు. మోచేతుల దాకా సున్నంతో, వేదిక మీద కూర్చున్న వాళ్ళందరూ గాబుల మీదికి వంగి ఉండటం చూసి మా అక్క వంటశాలలోంచి వచ్చింది. "మా గాలి పీల్చడానికి వచ్చారనుకున్నాను" అంది. ఆవిడ క్షమాపణ చెప్పడం అంటే అదే. తర్వాత తనూ ఒక గాబు పట్టింది.

రుద్దుతున్నంతసేపూ ఎవరో ఒకరు మాట్లాడుతూనే ఉన్నారు. నాలుగో మకాం ఆయన విశాలాక్షి గారి చీర కుచ్చిళ్ళు దోపుకునే పద్ధతి చూసి, కారే గొట్టాలకి గుడ్డ జారకుండా అలాగే చుట్టొచ్చా అని అడిగాడు. ఆవిడకి తను అలా దోపుకుంటానని తెలియదు. ఆవిడ చెప్పడం మొదలుపెట్టారు. ఈసారి నేను గంట కొట్టలేదు.


తుఫాను నాలుగో రోజు. గాలి 18.1

దిగలేదు. నిన్న ఎంతో ఇవాళా అంతే. అక్కకి చెబితే "దిగకపోతే గొప్పా, పెరగాలి గానీ" అంది. కానీ కూరలో ఇవాళ నూనె ఎక్కువ పోసింది.


తుఫాను ఆరో రోజు. గాలి 18.2

పెరిగింది. గాలి మీటరు మీద వేలితో కొట్టి చూశాను. అప్పలసూరి గారిని పిలిచి చూపించాను. ఆయన చూశాడు. కోటిలింగం గారు కళ్ళజోడు తెచ్చుకుని చూశారు. గోడ మీది జాబితా తీసెయ్యమన్నారు. నేనే తీశాను. అక్క ఆ కాగితం నా చేతిలోంచి లాక్కుని నాలుగు మడతలు పెట్టి కాలు పొట్టిదైన వంటశాల బల్ల కింద పెట్టింది.


బండి బయల్దేరిన రోజు. గాలి 18.4

తుఫాను తగ్గింది. సామాను ఎక్కించారు. శాలువా ఒకటి నేను వెనక్కి తీసుకోలేదు. నియమం తప్పానని ఇక్కడ రాస్తున్నాను. అప్పలసూరి గారు దాన్ని భుజం మీద వేసుకునే బండి దాకా వచ్చాడు.

తలుపు దగ్గర ఆగాడు. "ఒక మాట అడగతాను, ఏటీ అనుకోకండి. మీ అప్పసెల్లెళ్ళు పొద్దస్తమానం దెబ్బలాడుకుంటారు గదా. మరి తిన్నప్పుడు మీ కంచంలో మంచి ముక్క ఆవిడ కంచంలో ఎందుకేస్తారు? ఆవిడా మీకేస్తాది. ఇద్దరూ సూడరు. ఇన్నాళ్ళ బట్టి సూస్తన్నాను."

"ఎవరు? మేమా?" అన్నాను.

ఆయన పెద్దగా నవ్వాడు. ముసుగు తగిలించుకుని లోపలికి వెళ్ళాడు. బండి దుమ్ములో కలిసేదాకా కిటికీ అద్దం దగ్గర నిలబడ్డాను. నాలుగేళ్ళు. ఆయనకి రాస్తాను, పేజీలకి పేజీలు. మూడు ముక్కలు చేరినా సరే.

మధ్యాహ్నం భోజనానికి కూర్చున్నాం. అక్క నన్ను తిడుతోంది. శాలువా ఇచ్చేసినందుకు, పైగా ఉతికినదాన్ని ఇచ్చినందుకు. నేను జవాబు చెబుతున్నాను. చెబుతూ చెబుతూ చూసుకుంటే, పుట్టగొడుగు ముక్క పట్టుకుని నా చెయ్యి అక్క కంచం మీద ఉంది. నా కంచంలో నేను వడ్డించుకోని దోసకాయ బద్ద ఉంది. అక్క చూపు ఎటో ఉంది, తిట్లు ఆగలేదు.

ముక్క ఆవిడ కంచంలో వదిలేశాను. బద్ద తిన్నాను. కళ్ళలో నీళ్ళు తిరిగితే కారం ఎక్కువైందన్నాను, దానికీ తిట్టింది.

అప్పలసూరి గారు అన్న మాట అక్కకి చెప్పలేదు. తెలిస్తే రేపటి నుంచి మానేస్తుందేమోనని భయం వేసింది.